పేజీ తిప్పలేని పత్రిక: పిల్లల ఆడియో మ్యాగజైన్లు ఎలా పనిచేస్తాయి, ఎక్కడ తడబడతాయి

క్లుప్తంగా

అచ్చు పత్రికను మైకు ముందు చదివేసినంత మాత్రాన ఆడియో పత్రిక అయిపోదు. చెప్పిన రోజుకు వచ్చే సంచిక, అందులో రకరకాల శీర్షికలు, వాటిని ఏరి వరస పెట్టే సంపాదకుడు, చివర ఒక ముగింపు ఉన్నప్పుడే దాన్ని పత్రిక అనగలం. మాటలు, అవగాహన పెరగడానికి వినడం బాగా సాయపడుతుంది. అక్షరాలు మాత్రం వినడం వల్ల రావు. ఆగకుండా ఆడుతూ పోయే యాప్‌లు, పిల్లల గొంతులు దాచుకునే పరికరాలు, మనిషి లేకుండా తయారయ్యే గొంతులు ఇప్పుడు ఈ రంగాన్ని మార్చేస్తున్నాయి.

పిల్లల చేతిలోంచి ఫోన్ తీసుకోవడం ఒక ఎత్తు, తీసుకున్నాక ఆ ఖాళీలో ఏం పెట్టాలన్నది ఇంకో ఎత్తు. తల్లిదండ్రుల అసలు టెన్షన్ ఈ రెండోదే. దానికి జవాబుగా గత పదేళ్లలో చాలా సరుకు వచ్చింది. పిల్లల పాడ్‌కాస్టులు, ఆడియో పుస్తకాలు, బొమ్మ పెడితే కథ చెప్పే పెట్టెలు, కార్డు దూరిస్తే పలికే ప్లేయర్లు, చందా కడితే క్రమం తప్పకుండా వచ్చే ఆడియో మ్యాగజైన్లు. అన్నీ చెవి దారినే వస్తాయి కాబట్టి అన్నీ ఒకటే అనిపిస్తాయి. నిజానికి వీటి తయారీ వేరు, డబ్బు వచ్చే దారి వేరు, పిల్లల మీద పనిచేసే తీరూ వేరే. ఏది కొనాలి, ఏది వినిపించాలి అనే ముందు ఆ తేడా తెలియాలి.

సంచిక అంటే ఏమిటి

ఆడియో పుస్తకంలో ఉండేది ఒకే రచన. మొదటి నుంచి చివరి దాకా ఒకే దారి. పాడ్‌కాస్ట్ సాధారణంగా ఒకే రకం కార్యక్రమం, ప్రతి ఎపిసోడ్ అదే అచ్చులో వస్తుంది. రేడియో ప్రవాహం లాంటిది, ఆ సమయానికి అక్కడ లేకపోతే పోయినట్టే. ఆడియో పత్రిక వీటన్నిటి నుంచీ కొంత తీసుకుంటుంది. అరగంట సంచికలో ఒక కథ, ఒక జంతువు గురించి నాలుగు నిమిషాలు, పొడుపు కథలు, పాట, పిల్లల ఉత్తరాలు, చివర ధారావాహికలో తర్వాతి భాగం. వచ్చే సంచిక ఎప్పుడో పిల్లలకు తెలుసు. ఈ సంచిక ఎక్కడ అయిపోతుందో కూడా తెలుసు.

హద్దు మరీ గట్టిదేం కాదు. పాడ్‌కాస్ట్ అనే పేరుతో వచ్చేవాటిలో కొన్ని అచ్చంగా పత్రికలే. పత్రిక అని పేరు పెట్టుకున్నవాటిలో కొన్ని కథల గుట్టలు మాత్రమే. తేడా టెక్నాలజీలో లేదు, కూర్పులో ఉంది. డైనోసార్ల పిచ్చి ఉన్న పిల్లాడికి యాప్ మళ్లీ మళ్లీ డైనోసార్లనే ఇస్తుంది, ఎందుకంటే నిన్న అదే విన్నాడు కాబట్టి. సంచిక అలా కాదు. డైనోసార్ పక్కనే తేనెటీగను పెడుతుంది, దాని తర్వాత సముద్రంలో దారి వెతుక్కునే నావికుడిని. అడగనిది కూడా ఎదురుపడటం పత్రిక చేసే అతి ముఖ్యమైన పని. ఆడియోలోకి మారినా నిలబెట్టుకోవాల్సింది అదే.

బొమ్మ కడుపులో గొంతు

రికార్డు చేసిన శబ్దానికీ పిల్లలకూ ఉన్న బంధం, శబ్దాన్ని రికార్డు చేసి మళ్లీ వినిపించిన తొలి యంత్రం ఫోనోగ్రాఫ్ అంత పాతది. 1877లో థామస్ ఎడిసన్ తన యంత్రాన్ని పరీక్షించడానికి పలికింది ఒక పిల్లల గేయమే. 1890లో ఆయన కంపెనీ మాట్లాడే బొమ్మలను అమ్మకానికి పెట్టింది. బొమ్మ కడుపులో చిన్న ఫోనోగ్రాఫ్, వెనక తిప్పడానికి ఒక పిడి. అప్పటికి రికార్డుకు నకలు తీసే పద్ధతి చేతికి రాలేదు. అందుకే యువతులను కూర్చోబెట్టి, ఒక్కో బొమ్మ కోసం అదే గేయాన్ని మళ్లీ మళ్లీ చదివించారు. ఫలితం మాత్రం ఘోరం. పిడిని ఒకే వేగంతో తిప్పడం పిల్లల వల్ల కాలేదు. గొంతు కీచుమంటూ భయపెట్టింది, గొంతు రికార్డు చేసిన సిలిండర్లు తొందరగా అరిగిపోయాయి. కొన్ని వారాల్లోనే ఆ వ్యాపారం ఆగిపోయింది.

పుస్తకం, రికార్డు కలిపి ఇచ్చే ఆలోచన 1917లో అమెరికాలో హార్పర్ అండ్ బ్రదర్స్ తెచ్చిన ‘బబుల్ బుక్స్’తో ఊపందుకుంది. ఆ తర్వాత రేడియో వచ్చింది. బ్రిటన్‌లో బీబీసీ 1922లోనే పిల్లల కార్యక్రమం మొదలుపెట్టింది. 1950 నుంచి 1982 దాకా ‘లిజన్ విత్ మదర్’ పేరుతో అయిదేళ్లలోపు పిల్లల కోసం పావుగంట కార్యక్రమం నడిపింది. కుదురుగా కూర్చున్నారా అని పిల్లలను అడిగాకే కథ మొదలయ్యేది. తెలుగులో రేడియో అన్నయ్య, రేడియో అక్కయ్యలుగా పేరుపడ్డ న్యాపతి రాఘవరావు, కామేశ్వరి దంపతులు మద్రాసు రేడియోలో పిల్లల కార్యక్రమాలు నడుపుతూనే, 1945లో ‘బాల’ అనే అచ్చు పత్రిక కూడా మొదలుపెట్టారు. రేడియో, పత్రిక రెండూ ఒకే చేతుల మీదుగా నడిచిన అరుదైన సందర్భమది.

అసలైన ఆడియో పత్రికకు దారి తీసింది ఓ పలచని ప్లాస్టిక్ రేకు. ఫ్లెక్సీ డిస్క్ అనే ఈ వంగే రికార్డు 1950ల చివర్లో ఫ్రాన్స్, జపాన్‌లలో బాగా వాడుకలోకి వచ్చింది. కాగితంలా తేలిక కాబట్టి పత్రికలో కుట్టి పోస్టులో పంపొచ్చు. సోవియట్ యూనియన్‌లో 1964లో మొదలైన ‘క్రుగొజోర్’ ప్రతి సంచికలో ఇలాంటి రికార్డులు ఇచ్చేది. దానికి అనుబంధంగా 1960ల చివర్లో వచ్చిన ‘కొలోబోక్’ పూర్తిగా పిల్లల కోసం. బొమ్మలు చూస్తూ, రికార్డు వేసుకుని, కథలూ పాటలూ వినేవారు. ఇబ్బందులు లేకపోలేదు. రికార్డు మరీ పలచన కావడంతో ముల్లు కింద జారిపోయేది, పైన ఒక నాణెం పెట్టి ఆడించుకోవాల్సి వచ్చేది. కొన్నిసార్లు వేస్తే గరగర మొదలయ్యేది.

ధ్వని ఉన్న పత్రిక ఏం చేయగలదో చూపడానికి పెద్దల పత్రిక నుంచే ఒక ఉదాహరణ ఉంది. 1979 జనవరిలో నేషనల్ జియోగ్రాఫిక్ తన సంచికతో పాటు హంప్‌బ్యాక్ తిమింగలాల పాటల ఫ్లెక్సీ డిస్క్ ఇచ్చింది. కోటికి పైగా ప్రతులు అచ్చయ్యాయి. తిమింగలం పాడుతుందని ఎన్ని పేజీలు రాసినా, ఒక నిమిషం వినిపించినదానికి సాటి రాదు.

1963లో ఫిలిప్స్ తెచ్చిన క్యాసెట్ ఈ కథను పిల్లల చేతికే ఇచ్చేసింది. రికార్డు ప్లేయర్ పెద్దల వస్తువు, ముల్లు పెట్టడం పెద్దల పని. క్యాసెట్ రికార్డర్ బటన్లు మాత్రం అయిదేళ్ల పిల్లాడికీ తెలుసు. 1980లలో బ్రిటన్‌లో మార్షల్ కావెండిష్ సంస్థ పక్షపత్రికగా తెచ్చిన ‘స్టోరీ టెల్లర్’ ప్రతి సంచికతోనూ ఒక క్యాసెట్ ఇచ్చింది. జర్మనీలో క్యాసెట్ నాటకాలు ఇంకా బలంగా వేళ్లూనుకున్నాయి. 1979లో మొదలైన పిల్లల డిటెక్టివ్ వరుస ‘డి డ్రై ఫ్రాగేత్‌సైఖెన్’ ఇప్పటికీ నడుస్తోంది. 2016లో బొమ్మ పెడితే కథ చెప్పే టోనీబాక్స్ జర్మనీలోనే పుట్టడం యాదృచ్ఛికం అనుకోలేం. క్యాసెట్ వింటూ పెరిగినవాళ్లే అప్పటికి తల్లిదండ్రులయ్యారు.

చెవికి వెనక్కి చూసే వీల్లేదు

అచ్చు పత్రిక చదివే పిల్ల మధ్యలో ఆగుతుంది, బొమ్మ చూస్తుంది, అర్థం కాని వాక్యం మళ్లీ చదువుతుంది, నచ్చని పేజీ దాటేస్తుంది. ఎంత వేగంగా వెళ్లాలో తనే నిర్ణయించుకుంటుంది. వినేటప్పుడు ఆ అధికారం చెప్పే గొంతుది. ఒక్క వాక్యం జారిపోతే దాని మీద కట్టిన తర్వాతి నాలుగూ కూలిపోతాయి. ఆడియో పత్రిక తయారీలో ఉన్న కష్టమంతా దాదాపుగా ఇక్కడి నుంచే వస్తుంది.

తెలుగులో దీనికి ఇంకో చిక్కు తోడవుతుంది. మన వాక్యంలో క్రియ చివర్లో వస్తుంది. ఈ వాక్యం చూడండి: “అడవిలో తప్పిపోయి, రాత్రంతా చెట్టు మీద గడిపి, తెల్లారాక ఏరు వెంట నడిచి ఇల్లు చేరిన కుర్రవాడి తమ్ముడు నవ్వాడు.” కాగితం మీద ఇందులో తప్పేం లేదు. వినే పిల్ల మాత్రం తప్పిపోయిందీ, చెట్టెక్కిందీ, నడిచిందీ ఎవరో తెలియకుండానే అన్నీ మోసుకుంటూ రావాలి. తీరా చివరికి వచ్చేసరికి నవ్వింది ఇంకొకడు. చెవికి రాసేవాళ్లు దీన్ని విడగొడతారు: “ఒక కుర్రవాడు అడవిలో తప్పిపోయాడు. రాత్రంతా చెట్టు మీదే ఉన్నాడు. తెల్లారింది. ఏరు వెంట నడిచి ఇల్లు చేరాడు. గుమ్మంలో తమ్ముడున్నాడు. అన్నను చూసి నవ్వాడు.” మాటలు కొంచెం పెరిగాయి, బరువు మాత్రం తగ్గింది.

అంకెలదీ ఇదే సమస్య. “నీలి తిమింగలం సుమారు 30 మీటర్ల వరకు పెరుగుతుంది” అన్నది పేజీలో నిలుస్తుంది, చెవిలో నిలవదు. మంచి స్క్రిప్టు ఇలా వెళ్తుంది: “కళ్లు మూసుకోండి. ఒక బస్సు ఊహించుకోండి. దాని వెనకాలే ఇంకో బస్సు. దాని వెనక మరొకటి. ఈ చివర్నుంచి ఆ చివరికి ఎంత పొడవో, నీలి తిమింగలం ఇంచుమించు అంత ఉంటుంది.” బొమ్మ వేసేవాడు లేడు కాబట్టి బొమ్మను వాక్యమే వేయాలి.

పేజీ తిప్పడానికి గుర్తు ఏమిటన్నది పాత ప్రశ్నే. డిస్నీ కథల రికార్డుల్లో చిన్న గంట మోగితే పుస్తకంలో పేజీ తిప్పాలి. బొమ్మలు లేని ఆడియో పత్రికలో ఆ పని శీర్షిక సంగీతానిది. ప్రతి శీర్షికకూ దానిదైన రెండు మూడు సెకన్ల ట్యూన్ ఉంటే, నాలుగో సంచికకల్లా పిల్లలకు అది వినగానే రాబోయేది పొడుపు కథో ఉత్తరాలో తెలిసిపోతుంది. సంచిక సంచికకూ ట్యూన్ మార్చే పత్రిక తన విషయసూచికను తానే చింపేసుకున్నట్టు.

అన్నిటికన్నా తక్కువ పట్టించుకునేది నిశ్శబ్దం. ఒక పొడుపు ప్రశ్న తీసుకుందాం: “ఎగురుతుంది, కానీ పిట్ట కాదు. రాత్రిపూట తిరుగుతుంది, కానీ గుడ్లగూబ కాదు. తలకిందులుగా వేలాడి నిద్రపోతుంది. ఎవరది?” దీని తర్వాత ఒక సెకను వదిలి జవాబు చెప్పేస్తే పిల్లాడి నోటిదాకా వచ్చిన మాట అక్కడే ఆగిపోతుంది. పదిహేను సెకన్లు వదిలితే ప్లేయర్ ఆగిపోయిందనుకుని పరికరం తట్టి చూస్తాడు. నాలుగైదు సెకన్లు వదిలితే “గబ్బిలం!” అని అరుస్తాడు. అప్పుడు గొంతు కూడా “గబ్బిలం!” అంటే, అది తనతోనే మాట్లాడుతోందని నమ్ముతాడు. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్లలో ఖాళీలను వాటంతటవే కత్తిరించే సదుపాయం ఉంటుంది. పెద్దల పాడ్‌కాస్టుకు అది వరం. పిల్లల సంచిక మీద వాడితే మాత్రం పిల్లలు మాట్లాడాల్సిన చోట్లన్నీ ఎగిరిపోతాయి.

ఈ ఖాళీని బోధన పద్ధతిగా వాడుకున్న చరిత్ర కూడా ఉంది. 1970లలో నికరాగువాలో రేడియో ద్వారా లెక్కలు నేర్పే ప్రాజెక్టు నడిచింది. గొంతు ప్రశ్న అడిగి ఆగుతుంది, తరగతి మొత్తం గట్టిగా జవాబు చెబుతుంది, ఆ తర్వాతే గొంతు ముందుకు కదులుతుంది. తర్వాత ఈ పద్ధతి అనేక దేశాలకు పాకింది. అటు నుంచి వినేవాళ్లెవరూ లేరు, అయినా సంభాషణ జరిగింది.

వింటే చదువు వస్తుందా

తల్లిదండ్రుల్లో ఎక్కువ గందరగోళం ఇక్కడే. ఆడియో వింటే చదివే అలవాటు పోతుందని కొందరి భయం. వింటే చాలు, చదివినట్టే అని మరికొందరి ధీమా. రెండింటికీ ఒకే చోట జవాబు దొరుకుతుంది. ఫిలిప్ గఫ్, విలియం టన్మర్ అనే పరిశోధకులు 1986లో చదవడాన్ని ఒక గుణకారంగా వివరించారు. అక్షరాలను విడదీసి పలకగలగడం ఒకటి, విన్న భాష అర్థం కావడం రెండోది. ఈ రెండింటి లబ్ధమే చదివి అర్థం చేసుకోవడం. గుణకారం కాబట్టి ఏ ఒక్కటి సున్నా అయినా మొత్తం సున్నానే. ఆడియో పత్రిక రెండో దాన్ని పెంచుతుంది, మొదటిదాన్ని తాకదు. అక్షరాలు నేర్చుకునే వయసులో అది చదువుకు తోడుగా ఉండగలదు, దాని స్థానంలోకి రాలేదు.

రెండో దాన్ని ఎంత పెంచుతుందన్నది స్క్రిప్టు మీద ఆధారపడుతుంది. హేస్, ఆరెన్స్ అనే పరిశోధకులు 1988లో ఇంగ్లిష్‌లో అరుదైన మాటలను లెక్కపెట్టారు. పిల్లల పుస్తకాల్లో వెయ్యి మాటలకు సుమారు 31 అరుదైనవి కనిపించాయి. కాలేజీ చదివిన పెద్దలు తమలో తాము మాట్లాడుకునేటప్పుడు సుమారు 17 మాత్రమే. అంటే పిల్లల కోసం రాసిన పుస్తకంలో పెద్దల కబుర్లలో కన్నా ఎక్కువ కొత్త మాటలున్నాయి. ఆడియో పత్రికలకు ఇందులో ఒక హెచ్చరిక ఉంది. సహజంగా ఉండాలని స్క్రిప్టు పక్కన పడేసి ఇద్దరు యాంకర్లు సరదాగా కబుర్లు చెప్పుకుంటే, వినడానికి హాయిగానే ఉంటుంది కానీ కొత్త మాటలు పిల్లలకు అందవు. వాక్యం చిన్నదిగా ఉండాలి, మాట మాత్రం కొత్తదైనా పర్వాలేదు.

వయసు కూడా ముఖ్యమే. ప్యాట్రిషియా కూల్ బృందం 2003లో ప్రచురించిన పరిశోధనలో 9 నెలల అమెరికన్ పసిపిల్లలు ఎదురుగా ఉన్న మనిషి ఆడుతూ మాట్లాడితే మాండరిన్ భాషా ధ్వనులను పట్టుకున్నారు. అవే మాటలు వీడియోలోనో, ఆడియో మాత్రమేగానో వినిపిస్తే పట్టుకోలేదు. అంత చిన్న పిల్లలకు ఎంత మంచి సంచిక అయినా ఒడిలో కూర్చోబెట్టుకుని చెప్పే మాటకు బదులు కాదు. నాలుగేళ్ల దగ్గర పరిస్థితి కొంత మారుతుంది. సిన్సినాటిలో జాన్ హటన్ బృందం 27 మంది చిన్నపిల్లలకు ఎంఆర్‌ఐ స్కానర్‌లో మూడు రకాలుగా కథలు వినిపించింది: గొంతు మాత్రమే, గొంతుతో పాటు కదలని బొమ్మలు, పూర్తి యానిమేషన్. గొంతు మాత్రమే ఉన్నప్పుడు భాషకు సంబంధించిన భాగాలు పనిచేశాయి కానీ, అర్థం చేసుకోవడానికి పిల్లలు కష్టపడుతున్నట్టు కనిపించింది. యానిమేషన్‌లో కళ్లూ చెవులూ బాగా పనిచేసినా కథ అంతగా ఎక్కలేదు. కదలని బొమ్మలతో వినడమే అన్నిటికన్నా బాగా కుదిరింది. చిన్న అధ్యయనమే అయినా దిశ స్పష్టం. ప్రీస్కూల్ పిల్లల సంచికకు ఒక బొమ్మల కాగితం తోడుంటే మేలు. పాత ఫ్లెక్సీ డిస్కుల కాలంలో అది ఎలాగూ ఉండేది.

మరొక విషయం, పిల్లలు విన్నదే మళ్లీ మళ్లీ వింటారు. పెద్దలకు ఇది విసుగు. కానీ జెస్సికా హోర్స్ట్ బృందం 2011లో మూడేళ్ల పిల్లలతో చేసిన ప్రయోగంలో, వేర్వేరు కథల్లో కొత్త మాటలు విన్నవాళ్ల కన్నా అదే కథ మళ్లీ విన్నవాళ్లు ఆ మాటలను బాగా గుర్తుంచుకున్నారు. క్యాసెట్‌కు ఈ గుణం పుట్టుకతోనే ఉంది. వెనక్కి తిప్పితే మళ్లీ అదే. ఇప్పటి యాప్‌లు కథ అయిపోగానే ఇంకొకటి మొదలుపెడతాయి. పిల్లలకు కావలసింది “మళ్లీ”, యాప్ ఇచ్చేది “తర్వాత”.

చూపు లేని పిల్లల హక్కు

ఆడియో పత్రిక కొందరికి సరదా కాదు, అవసరం. అమెరికాలో 1931 చట్టంతో లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ చూపు లేని పెద్దల కోసం పుస్తకాల సేవ మొదలుపెట్టింది. మూడేళ్లకు మాట్లాడే పుస్తకాలు వచ్చాయి. చట్టంలో “పెద్దలు” అనే మాట ఉండటం వల్ల పిల్లలు బయటే ఉండిపోయారు. 1952లో ఆ మాట తీసేశాకే వాళ్లకు దారి తెరుచుకుంది. ఒక్క మాట కోసం ఇరవై ఏళ్లు.

తర్వాతి అడ్డంకి కాపీరైటు. అచ్చులో ఉన్నదాన్ని ఆడియోగా మార్చాలంటే అనుమతి కావాలి, దేశం దాటించాలంటే ఇంకో అనుమతి. 2013లో కుదిరి 2016లో అమల్లోకి వచ్చిన మరకేష్ ఒప్పందం, చూపు లేనివాళ్ల కోసం ఇలాంటి ప్రతులు తయారుచేసి దేశాల మధ్య పంచుకోవడానికి దారి ఇచ్చింది. డిస్లెక్సియా (అక్షరాలు గుర్తించి చదవడంలో ఇబ్బంది) లాంటి కారణాలతో అచ్చు చదవలేనివాళ్లకూ ఇది వర్తిస్తుంది. మాట్లాడే పుస్తకాల కోసం 1996లో ఏర్పడిన అంతర్జాతీయ కూటమి డైసీ కన్సార్టియం ఇంకో పని చేసింది. ఆడియోలో శీర్షికల మెట్లు పెట్టి, పేజీ తిప్పినట్టే ఒక చోటి నుంచి ఇంకో చోటికి దూకే ప్రమాణం తయారుచేసింది. చెవికి వెనక్కి చూసే వీల్లేదన్న సమస్యకు ఇంతకన్నా మంచి సాంకేతిక జవాబు లేదు. విచారమేమిటంటే, మామూలు పిల్లల సంచికల్లో చాలావాటిని ఇప్పటికీ ఒకే ముద్దగా, అధ్యాయాల గుర్తులు లేకుండా వదులుతున్నారు. గుర్తులు పెట్టడం కొన్ని నిమిషాల పని.

డబ్బు ఎవరిస్తారు

అచ్చు పత్రికకు ప్రతి ప్రతికీ కాగితం ఖర్చు, పోస్టు ఖర్చు. ఆడియోలో మొదటి ప్రతికే ఖర్చంతా. స్క్రిప్టు, గొంతులు, సంగీతం, స్టూడియో, ఎడిటింగ్. రెండో ప్రతికి దాదాపు ఏమీ పడదు. మాటలకు సరిపోయే 64 కేబీపీఎస్ మోనోలో అరగంట సంచిక సుమారు 14 ఎంబీ. ఓపస్ లాంటి కొత్త కోడెక్‌తో (శబ్దాన్ని కుదించే పద్ధతితో) అందులో సగానికి దించినా మాట స్పష్టంగానే ఉంటుంది. అదే అరగంట వీడియో దీనికి పది రెట్లకు పైనే. నెట్ సరిగా లేని చోటికి కూడా ఆడియో వెళ్లగలగడానికి కారణం ఇదే.

వినేది పిల్లలు, కొనేది పెద్దలు. అందుకే ఆదాయం చిక్కుముడి. చందా పెడితే చేరేవాళ్లు తగ్గుతారు. ప్రకటనలు పెడితే ఇంకో సమస్య. ఎనిమిదేళ్లలోపు పిల్లలు ప్రకటన తమను ఒప్పించడానికే వచ్చిందని గుర్తుపట్టలేరని అమెరికన్ సైకలాజికల్ అసోసియేషన్ కార్యదళం 2004లో తేల్చి చెప్పింది. పాడ్‌కాస్టుల్లో ప్రకటనను చాలాసార్లు యాంకరే చదువుతారు. ఇందాకటి దాకా కథ చెప్పిన గొంతే ఫలానా వస్తువు కొనమంటే, పిల్లలకు ఆ రెండింటి మధ్య గీత కనపడదు. పిల్లల సంచికలో ఈ పద్ధతి ఉండకూడదు. ప్రకటన తప్పనిసరైతే పెద్దలను ఉద్దేశించి, వేరే గొంతుతో, సంచిక మొదలయ్యే ముందే ముగించాలి.

మిగిలిన దారులు ప్రజా ప్రసార సంస్థల నిధులు, విరాళాలు, లేదంటే పరికరం. టోనీబాక్స్, యోటో లాంటివి మూడో దారిలోవి. పెట్టె ఒకసారి కొంటారు, ఆ తర్వాత బొమ్మలో కార్డులో కొంటూనే ఉంటారు. స్క్రీన్ లేకుండా పిల్లలు సొంతంగా నడుపుకోగలగడం వీటి నిజమైన గొప్పతనం. తిరకాసు ఏమిటంటే ఒక కంపెనీ బొమ్మ ఇంకో కంపెనీ పెట్టెలో పలకదు. చిన్న పత్రిక ఏదైనా ఆ పెట్టెలోకి వెళ్లాలంటే ఆ కంపెనీ తలుపు తట్టాల్సిందే.

వినే పెట్టె వింటోందా

స్మార్ట్ స్పీకర్‌లో వినిపించే సంచికకు, మామూలు ప్లేయర్‌లో ఆడే సంచికకు పెద్ద తేడా ఉంది. మొదటిదానికి మైకు ఉంటుంది. పిల్లల వివరాల రక్షణకు అమెరికాలో 1998లో చేసిన కొప్పా చట్టం కింద 13 ఏళ్లలోపు వారి సమాచారానికి తల్లిదండ్రుల అనుమతి కావాలి. 2013 సవరణతో పిల్లల గొంతు ఉన్న ఆడియో ఫైలు కూడా వ్యక్తిగత సమాచారమే అయింది. పిల్లల గొంతు రికార్డింగులను అమెజాన్ స్మార్ట్ స్పీకర్ సేవ అలెక్సా అవసరానికి మించి దాచిందని అమెరికా వినియోగదారుల రక్షణ సంస్థ ఫెడరల్ ట్రేడ్ కమిషన్ ఆరోపించిన కేసులో, 2023లో అమెజాన్ 2.5 కోట్ల డాలర్లు కట్టడానికి ఒప్పుకుంది. భారత్ 2023లో చేసిన వ్యక్తిగత సమాచార రక్షణ చట్టంలో ఈ వయసు గీతను 18 ఏళ్ల దగ్గర గీసింది. పిల్లల కదలికలను వెంటాడటం, వాళ్లకు గురిపెట్టి ప్రకటనలు ఇవ్వడం కుదరదంది.

పత్రికలకు ఇది నేరుగా తగిలేది ఉత్తరాల శీర్షికలో. పిల్లలు తమ గొంతుతో పంపిన ప్రశ్నలు ఆడియో సంచికకు ప్రాణం. పేరు, వయసు, ఊరు, స్కూలు అన్నీ కలిపి ప్రసారం చేస్తే ఆ పిల్లను గుర్తుపట్టడం సులువవుతుంది. మొదటి పేరు, వయసు చాలు. పెద్దల అనుమతి రాతలో ఉండాలి. వాడాక అసలు ఫైలు తుడిచేయాలి.

గొంతు మనిషిది కాకపోతే

కృత్రిమ గొంతులు ఇప్పుడు వార్తల్లో ఉన్నాయి. ఖర్చంతా మొదటి ప్రతిదే అయినప్పుడు దాన్ని తగ్గించే ఏ పరికరమైనా చిన్న భాషల పత్రికలకు ఆశ పుట్టిస్తుంది. వార్తా విశేషాలు చదవడానికి, చూపు లేని పిల్లలకు అచ్చు పత్రిక వచ్చిన రోజునే ఆడియో అందించడానికి ఇవి నిజంగా పనికొస్తాయి. కథ దగ్గర మాత్రం తడబడతాయి. పిల్లలకు కథ చెప్పే మనిషి ఎక్కడ గుసగుస పెట్టాలో, ఎక్కడ ఆగాలో, ముసలమ్మ గొంతుకూ పిల్లి గొంతుకూ మధ్య ఎంత తేడా ఉండాలో కథ మొత్తం తెలిసి నిర్ణయిస్తుంది. యంత్రం వాక్యాన్ని అందంగా పలుకుతుంది, కానీ మూడు పేజీల తర్వాత రాబోయే మలుపు కోసం ఇప్పుడే గొంతు తగ్గించడం దానికి ఇంకా సరిగా అబ్బలేదు.

శిక్షణకు రికార్డింగులు తక్కువగా ఉన్న భాషల్లో ఒత్తులు, పేర్లు, పల్లె మాటలు తప్పుగా పలికే ప్రమాదం ఎక్కువ. పెద్దలు దాన్ని తప్పని గుర్తిస్తారు. పిల్లలు అదే నేర్చుకుంటారు. అందుకే కృత్రిమ గొంతు వాడితే ఆ సంగతి సంచికలోనే చెప్పాలి, ఆ భాష సొంతమైన మనిషి ఒకరు మొత్తం విన్నాకే వదలాలి.

ఎంత సౌండు, ఎంతసేపు

ప్రపంచ ఆరోగ్య సంస్థ (డబ్ల్యూహెచ్‌ఓ), అంతర్జాతీయ టెలికాం సంస్థ ఐటీయూ కలిసి 2018లో తెచ్చిన ప్రమాణం ప్రకారం వ్యక్తిగత పరికరాల్లో పెద్దలకు వారానికి 40 గంటలపాటు 80 డెసిబెల్స్ హద్దయితే, పిల్లలకు 75. ఇంట్లో హెడ్‌ఫోన్ కన్నా చిన్న స్పీకర్ మేలు, చెవికీ మంచిది, పక్కవాళ్లూ వింటారు. పక్కవాళ్లు విన్నప్పుడే “గబ్బిలం అంటే ఏంటి?” అన్న ప్రశ్నకు జవాబు దొరుకుతుంది.

దాచిపెట్టేది ఎవరు

ఎడిసన్ మాట్లాడే బొమ్మలు వ్యాపారంగా విఫలమైనా వాటి సిలిండర్లు కొన్ని మిగిలాయి. ముల్లు పెడితే పాడైపోతాయని వాటిలో కొన్నిటిని దాచుకున్నవాళ్లు ఆడించడానికి సాహసించలేదు. చివరికి కాంతితో గాడులను కొలిచి, కంప్యూటర్‌లో ధ్వనిగా మార్చే పద్ధతితో 2015లో ఆ గొంతులు మళ్లీ వినపడ్డాయి. వస్తువు మిగిలింది కాబట్టి అది సాధ్యమైంది.

ఇప్పటి సంచికలకు ఆ వస్తువు లేదు. టోనీబాక్స్ మీద పెట్టే బొమ్మ లోపల ఉండేది ఒక గుర్తింపు సంఖ్య మాత్రమే. కథ సర్వర్ నుంచి దిగుతుంది. పాడ్‌కాస్ట్ ఫైళ్లు నెట్‌లో ఉంచే హోస్టింగ్ రుసుము కట్టడం ఆపేస్తే, యాప్‌లకు సంచికలు అందించే ఫీడ్ మాయమవుతుంది. అచ్చు పత్రికలను గ్రంథాలయాలు బౌండు కట్టించి దాస్తాయి, ఆడియో సంచికల విషయంలో అలాంటి ఏర్పాటు చాలా చోట్ల ఇంకా గట్టిపడలేదు. చందాదారుకు డౌన్‌లోడ్ చేసుకునే వీలు ఇవ్వడం, ప్రతి సంచిక ఫైలులోనే తేదీ, సంచిక సంఖ్య, రాసినవాళ్ల, చదివినవాళ్ల పేర్లు చేర్చడం, ఒక ప్రతిని గ్రంథాలయానికి పంపడం పత్రికలు ఇవాళే చేయగల పనులు. ఈ సంచికలు వింటూ పెరిగే పిల్లలు ముప్పై ఏళ్ల తర్వాత తమ పిల్లలకు అవే వినిపించాలని వెతికినప్పుడు, దొరికేది అలా దాచిన ఫైళ్లు మాత్రమే.